బుచ్చమ్మ పెరటి మొక్క

గంజాయి దుకాణాలకు సర్కారే లైసెన్సులిచ్చిన రోజులవి. నానక్‌రామ్‌గూడలో బుచ్చమ్మ పెరట్లోని గంజాయి మొక్కను ఆబ్కారీ జవాను మల్లేశమే పీకాడు. దాని ఆకు ఆమె నూరి తాగిస్తే చావబోయిన బర్రె లేచి నిలబడిందని ఆఫీసులో చాయ్ తాగుతూ నోరు జారిందీ అతనే. అది తన బర్రేనని మాత్రం చెప్పలేదు.

“పట్నంల సర్కారు దుకాణంల అమ్మేది గీ ఆకే గద సారూ?” అంది బుచ్చమ్మ.

“వాళ్లకి లైసెన్సుందమ్మా. ఇంతకీ ఎవరి బర్రెకిచ్చావు?” అన్నాడు ఇన్‌స్పెక్టర్ విశ్వేశ్వరరావు.

పంచనామా రాస్తున్న మల్లేశం చెయ్యి ఆగిపోయింది.

బుచ్చమ్మ అతని వైపు ఒకసారి చూసింది. “యాదికి లేదు సారూ. ముసలిదాన్ని.”

“రాసుకోవయ్యా,” అన్నాడు ఇన్‌స్పెక్టర్. మల్లేశం తల వంచుకుని రాశాడు.

వేలిముద్ర కోసం మల్లేశం బొటనవేలు పట్టుకుంటే ఆమె మెల్లగా అడిగింది.

“బర్రె పాలిస్తున్నదా బిడ్డా?”

మల్లేశం ఆ వేలిని సిరాలో అద్దుతూనే ఉండిపోయాడు.