ఊమ్రా పలికితే

ఊరిపెద్ద హెస్క మంచుమేక కొమ్మొకటి తెచ్చి ఒల్మా ముందు పెట్టాడు. మనిషి చెయ్యంత పొడుగుంది.

"పది రోజుల్లో ఊమ్రా కావాలి," అన్నాడు నేల చూపులు చూస్తూ. "నీకీ పని చెప్పడానికి నోరు రావడం లేదు ఒల్మా. ఇంకొకరెవరికైనా ఈ పని వచ్చుంటే..."

"రాదుగా పెద్దయ్యా. అక్కడ పెట్టి వెళ్ళు."

పెళ్ళాం తిర్సాను కొండదారి మీంచి తోసి చంపాడని రుడెన్ మీద నేరం. కాలు జారిందని వాడంటాడు. చూసినవాళ్ళు లేరు. అలాంటి చావుకి కెల్మార్‌లో తీర్పు చెప్పేది ఊమ్రాయే. పోయిన మనిషి పేరున కొమ్ము తొలిచి కొత్త ఊమ్రా, అంటే ఊదే బూర, చేస్తారు. నేరం మోస్తున్నవాడు దాన్ని మూడు గుక్కల్లో పలికించాలి. పలికితే ఇంటికి. పలక్కపోతే లోయలోకి.

ఒల్మాకి ఏ తీర్పూ అక్కర్లేదు. తిర్సాకి ఆఖరి స్నానం చేయించింది ఆమే. మెడ మీద అయిదు వేళ్ళూ నల్లగా అచ్చుపడి ఉన్నాయి. కానీ అయినవాళ్ళ సాక్ష్యం కెల్మార్‌లో చెల్లదు. ఎవరు పెట్టారో గానీ దిక్కుమాలిన చట్టం!

తిర్సాకి ఇరవై రెండేళ్ళు. నవ్విందంటే ఇల్లంతా వినపడేది. ఆ పిల్ల శాలువా ఇంకా తలుపు పక్కన కొక్కేనికి వేలాడుతోంది. ఒల్మా దాన్ని చూస్తూనే కొమ్ము తొలిచింది.

"వాణ్ణి వదల్నే తల్లీ," అని రోజూ ఆ శాలువాతో చెప్పింది.

మూడో రోజు హెస్క తోలుతిత్తి పట్టుకొచ్చాడు. ఊదేవాడి ఊపిరి తిత్తితో కొలిచి, దాన్నిబట్టి కొమ్ము తొలవడం పద్ధతి.

"చెరసాలకి పద. వాడి ఊపిరి కొలుచుకుందువు గాని."

"వాడి మొహం చూడను."

"మరి కొలత ఎలా?"

"ఎద్దులా ఉన్నాడుగా! ఆ లెక్కనే చేస్తాను."

హెస్క గొంతు తగ్గించాడు. "నువ్వు మోసం చేస్తావని ఊరంతా చెవులు కొరుక్కుంటోంది. అదే తేలితే నీ చేతులు నరుకుతారు, తెలుసుగా?"

"అందరి ఎదుటా మొదట నువ్వే ఊది చూడు పెద్దయ్యా. తప్పు కనిపిస్తే నరికెయ్యి."

పదో రోజు మధ్యాహ్నం ఊరు ఊరంతా లోయ అంచున చేరింది. హెస్క ఊమ్రా అందుకుని ఊదాడు. బుగ్గలు పొంగాయి. మెడ నరాలు తేలాయి. గుక్క చివరికొచ్చాక ఊమ్రా పలికింది. ఎదురుకొండ తిరిగి పలికింది. ఒక మేకల కాపరి చేతా, వాడి పెళ్ళాం చేతా కూడా ఊదించాడు. వాళ్ళకీ పలికింది.

"ఊపిరున్న ఎవరికైనా పలుకుతుంది. అలాగని మరీ తేలిగ్గానూ లేదు," అన్నాడు హెస్క తేటపడ్డ మొహంతో. "ఇక నిన్ను ఎవ్వరూ ఒక్క మాట అనలేరు ఒల్మా."

రుడెన్‌ని తీసుకొచ్చారు. చెరసాల తిండి వాణ్ణి ఏమీ తగ్గించలేదు. ఒల్మా వైపు చూసి నవ్వాడు. భయమన్నది లేని నవ్వు. ఆమెకి ఒళ్ళు మండిపోయింది. నవ్వుకోరా, నవ్వుకో, అనుకుంది.

మొదటి గుక్క. గాలి బుస్సుమంది, అంతే.

రుడెన్ నవ్వు ఆగిపోయింది. రెండో గుక్క సగంలోనే తెగి దగ్గుతెర ముంచుకొచ్చింది. వాడు ఒల్మాని చూశాడు. ఆమె చూపు తిప్పుకోలేదు. మూడో గుక్కకి వాడి కళ్ళు ఎర్రబడ్డాయి. ఊమ్రా కిక్కురుమనలేదు.

"నిజం తేలింది," అన్నాడు హెస్క.

నలుగురు వచ్చి వాడి రెక్కలు విరిచిపట్టుకున్నారు. ఒల్మా కసితీరా చూస్తూ నిలబడింది. ఇన్నాళ్ళ కడుపుమంట ఇప్పటికి చల్లారింది.

లోయ అంచుకి ఈడ్చుకెళ్తుంటే రుడెన్ వెనక్కి తిరిగి, "ఆరేళ్ళప్పుడు జ్వరమొచ్చి నా ఊపిరి సగమైపోయిందని నీకు తప్ప ఎవరికీ తెలీదు కదే అమ్మా!" అని ఒల్మాని చూస్తూ అరిచాడు.