గొడుగు ఊచ ముక్కలు

డియెప్ తన బండి వెనక టైరులోంచి లాగింది మేకు కాదు; రెండు కొసలూ ఏటవాలుగా కోసి, సూదిలా పదును పెట్టిన గొడుగు ఊచ ముక్క.

అంటే ఎవరో కూర్చుని, పనిగట్టుకుని తయారుచేశారు.

"ఈ వారంలో ఇది మూడోది అక్కా," అన్నాడు లోక్, తన బండి పక్కనే ఆపుతూ. "సాయిగాన్‌లో ఇన్ని లక్షల బండ్లుంటే వీటికి నువ్వే నచ్చావు."

"నోర్ముయ్. ముందు ఆవిణ్ణి చూడు."

ఆవిడ పేరు మౌరీన్. ఆస్ట్రేలియా మనిషి, అరవై దాటాయి. డియెప్, లోక్ లాంటి ఆరుగురు నడిపే మోటారుబండ్ల వెనక కూర్చుని, సందుసందునా తింటూ తిరగడానికి ఆ సాయంత్రం బయల్దేరిన ఆరుగురు అతిథుల్లో ఒకరు. వంతెన ఎక్కబోతుండగా టైరు పేలి, బండి మెలికలు తిరిగి పడింది. ఆవిడ మోకాలు చెక్కుకుపోయింది.

"నాకేం కాలేదు. అవతల కొబ్బరిపాలలో నత్తలు పెట్టిస్తానన్నావు, అవి చల్లారకుండా చూడమ్మా," అంది మౌరీన్.

డియెప్‌కు నవ్వు రాలేదు. అతిథులు కింద పడుతూనే ఉంటే ఈ టూరు ఎత్తేస్తాను, మీ ఆరుగురూ వేరే పని చూసుకోండి అని యజమానురాలు పొద్దున్నే చెప్పింది.

ఇరవై అడుగుల దూరంలో చెట్టుకు పాత టైరు వేలాడుతోంది. దాని కింద గాలిపంపు, నీళ్ల బేసిన్, ఒక ముసలాయన. నెల కిందట వచ్చి కూర్చున్నాడు. పేరు ఎవరికీ తెలియదు.

"ఏర్పాటు చూశావా? ఇక్కడ గుచ్చుకుంటుంది, అక్కడ అతుకు పడుతుంది," గొణిగాడు లోక్.

ముసలాయన ట్యూబు బయటికి తీశాడు. నీళ్లలో ముంచి, బుడగలు వచ్చిన చోట గీకి, అతుకు వేశాడు. ఆయన అటు తిరిగి ఉండగా లోక్ పనిముట్ల పెట్టె మూత ఎత్తాడు.

లోపల పాలపొడి డబ్బా. డబ్బా నిండా గొడుగు ఊచ ముక్కలు.

"అక్కా!"

డియెప్‌కు ఒళ్లు మండిపోయింది. "ఇవేంటి బాబాయ్?"

ఆయన నోరు తెరిచి, మళ్లీ మూసి, చక్రం వైపు తిరిగాడు.

"మిమ్మల్నే! మీ పొట్టకూటికి మా మెడలు విరగ్గొడతారా?"

పక్కనే చెరుకురసం అమ్మే, అందరూ పిన్నీ అని పిలిచే ఆవిడ బండి వదిలేసి పరిగెత్తుకొచ్చింది. "నేను ముందే అనుకున్నా! ఆ ముఖం చూస్తే తెలియడంలా?"

వార్డు కాపలావాళ్లు వచ్చి ఆయన్ని తమతో రమ్మన్నారు. ముసలాయన వాదించలేదు. చక్రం బిగించి, వేలితో టైరు నొక్కి గాలి చూసి, చేతులు తుడుచుకుని లేచాడు.

"రేపు ఈ దారిన రాకమ్మాయ్," అన్నాడు పోతూ పోతూ.

"బెదిరిస్తున్నాడు చూడు!" అన్నాడు లోక్.

మర్నాడు సాయంత్రం డియెప్ వాళ్లు ఆ దారినే వచ్చారు. కావాలనే వచ్చారు.

వంతెన మొదట్లో ఆరు బండ్లలో నాలుగింటి టైర్లు దిగిపోయాయి. రద్దీలో నెమ్మదిగా పోతున్నాయి కాబట్టి ఎవరూ పడలేదు.

డియెప్ తన టైరులోంచి ముక్క లాగింది. అదే గొడుగు ఊచ. అదే కోత.

చెట్టు కింద ఎవరూ లేరు.

"ఆయన నిన్నటి నుంచీ వార్డు ఆఫీసులోనే ఉన్నాడు," అంది డియెప్ మెల్లగా. "మరి ఇవెవరు చల్లారు?"

లోక్ ఆ ముక్కను తీసుకుని అటూ ఇటూ తిప్పి చూశాడు.

అతిథుల్ని ప్లాస్టిక్ పీటల మీద కూర్చోబెట్టి రసం పోస్తున్న పిన్ని, చేతిలో గ్లాసు కింద పెట్టింది. తర్వాత అంది: "రోజూ నాలుగింటికి, మండే ఎండలో, అయస్కాంతాన్ని తాడుకు కట్టి ఈ కొస నుంచి ఆ కొసకి ఈడ్చుకుంటూ పోయేవాడు. పాతినుము ఏరుకుంటున్నాడనుకున్నా. ఇవాళ ఎవరూ ఈడ్వలేదు."

"ఈ మాట నిన్న చెప్పొచ్చుగా పిన్నీ!"

"నిన్న నువ్వు ఎవర్ని మాట్లాడనిచ్చావే తల్లీ?"

డబ్బాలోవి చల్లడానికి కావు, ఏరినవి. ఆయన బెదిరించలేదు. జాగ్రత్త చెప్పాడు.

యజమానురాలు ఫోనులో రెండు ముక్కలే అంది. "రేపూ ఇంతే అయితే, టూరు లేదు."

ఆ మర్నాడు ముసలాయన్ని వదిలేశారు. మధ్యాహ్నం డియెప్ వెతుక్కుంటూ కాలువ పక్కన ఆయన అద్దె గదికి వెళ్లేసరికి, గాలిపంపును తాడుతో కట్టేస్తున్నాడు.

"ఎక్కడికి బాబాయ్?"

"ఇంకో వంతెన దగ్గరికి. ఇప్పటికి తొమ్మిది మారాను."

"తప్పయింది బాబాయ్. నన్ను నాలుగు తిట్టండి."

"ఈ ఎండలో తిట్టే ఓపిక కూడానా?"

"అయితే బండెక్కండి. నాలుగు కావస్తోంది. ఊచలు ఏరడానికి మేం ఆరుగురం వంతులేసుకున్నాం. పిన్నయితే వాళ్లాయన స్పీకరు విప్పి అయస్కాంతం తెచ్చింది. ఆయన పాటల్లేక లబోదిబోమంటున్నాడు."

ముసలాయన ముఖంలో మొదటిసారి నవ్వులాంటిది కదిలింది. కట్టిన తాడు విప్పాడు. హెల్మెట్ పెట్టుకుని, తన అయస్కాంతం ఒళ్లో పెట్టుకుని, వెనక ఎక్కాడు.

వంతెన కనపడగానే డియెప్ అడిగింది.

"నేను కాదు అని ఒక్క మాట అంటే పోయేదిగా బాబాయ్. ఎందుకనలేదు?"

వెనక నుంచి గొంతు నెమ్మదిగా వచ్చింది.

"అందామనే నోరు తెరిచానమ్మాయ్. రాలేదు. ఇక్కడ చల్లింది నేను కాదు. పద్నాలుగేళ్ల కిందట బియెన్ హోవా వెళ్లే దారిలో చల్లింది మాత్రం నేనే. ఒకావిడ, అమ్ముకునే పాయసం కుండతో సహా పడింది. మోచేతులు రక్తమోడుతుంటే బండి తోసుకుంటూ నా దగ్గరికే వచ్చింది. అతుకు వేశాను. 'సమయానికి నువ్వున్నావన్నా' అని, కుండ అడుగున మిగిలిన పాయసం గిన్నెలో పోసి ఇచ్చింది. తిన్నాను."