చెట్టుకు అన్నం పెట్టే జాగ

ఇందుమూలముగా సిద్దిపేట ప్రజలకు తెలియజేయునది ఏమనగా, మామిడిచెట్టుకు నోరు మొదలు దగ్గర ఉండదు.

ఈ సంగతి మా బావ రాజమల్లయ్యకు తెలియదు. ఆరేళ్లుగా మొదలు దగ్గరే యూరియా కుప్ప పోశాడు. ఆకులే వచ్చాయి, ఒక్క కాయ రాలేదు. మొన్న వానాకాలం మొదట్లో గొడ్డలి పట్టుకొని బయలుదేరాడు. ఆ చెట్టు నాటింది మా అక్క పద్మమ్మ. అడ్డంగా నిలబడి ఏడుస్తోంది.

"నీ చెయ్యే మంచిది గాదు! నువ్వు పెడితే ఏం కాస్తదే?" అని బావ అరిచాడు.

"ఆగు బావా!" అన్నాను. "బెజ్జంకిల యవుసం ఆఫీసు సారు చెప్పిండు. మిట్టమధ్యాహ్నం కొమ్మల నీడ ఏడిదాంక పడ్తదో గాడ చుట్టూ తవ్వి, పశువుల పెంట ఎయ్యాలె. చెట్టు తినేది గాడనే. ఇంకోటి, పూత వచ్చేదాంక ఇంట్ల ఒక్క తిట్టు వినవడొద్దు. తిట్లు వింటే తిన్నది దానికి ఒంటవట్టదు."

"చెట్టుకు చెవులుంటయారా?"

"సారుకంటే నీకెక్వ ఎర్కనా?"

గొడ్డలి దించాడు. తవ్వాడు, పెంట వేశాడు, నోరు కట్టేసుకున్నాడు. ఆరు నెలలకు చెట్టు నిండా పూత!

నిన్న నన్ను పక్కకు పిలిచి, చెట్టుకు వినబడకుండా అడిగాడు.

"ఇగ తిట్టొచ్చారా?"

"పూత రాల్తది బావా. కాయలు తెంపేదాంక ఆగు."

వంటింట్లో అక్క పాట పాడుకుంటోంది. పెళ్లయ్యాక ఆమె గొంతు వాకిలి దాకా వినబడటం ఇదే మొదలు.

నీడ అంచు, పెంట సంగతి సారు చెప్పినవే. తిట్ల సంగతి మాత్రం నేను పుట్టించింది.