పెద్ద పూస మీది పేరు

“ఇస్త్రీపెట్టె వాతేగా ఇది?” అన్నాడు చిరుగులకు రఫూ చేసే తాత, నమాజు గుడ్డను వెలుతురుకు ఎత్తి పట్టి.

కోడలు తలూపింది. కాలిన చోటు బొటనవేలంత ఉంది, అదీ సరిగ్గా నుదురు ఆనించే చోట.

“పోయిన మామయ్య కొనిచ్చింది తాతా. అత్తయ్య శుక్రవారం తప్ప బయటికి తీయరు. మెప్పు పొందుదామని మొన్న ఇస్త్రీ చేయబోయాను. మధ్యాహ్నం నమాజుకు ఇది పెట్టెలో ఉండాలి. కాపురానికొచ్చి మూడు నెలలైనా కాలేదు, ఆవిడ కంట పడితే ఇంకేమన్నా ఉందా!”

“నా దగ్గరికి ఎవరు పంపారు?”

“ఎవరూ పంపలేదు. సందు చివర రఫూ చేసే ఆయన చెయ్యి మంచిదని నిన్న మాటవరసకి అత్తయ్యే అన్నారు.”

తాత కళ్ళద్దాలు సర్దుకున్నాడు. “వేరే దారం వేస్తే అతుకు కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. ఇదే గుడ్డ పోగు కావాలి.”

“మిగిలిన ముక్కతో అత్తయ్య తన జపమాలకి, అదే తస్బీకి, సంచి కుట్టుకున్నారు. దాన్ని అడిగితే దొరికిపోనూ!”

“పోగు సంగతి నాకొదిలేయ్.” వెతుక్కోకుండానే సొరుగులోంచి ఒక పొట్లం తీశాడు. అందులో గుడ్డలోంచి ఊడదీసిన ఆకుపచ్చ పోగులు మెలికలు తిరిగి ఉన్నాయి. రంగు అచ్చం అదే. కోడలికి ప్రాణం లేచొచ్చింది.

సూది కదులుతుంటే తాత పెదవులూ కదులుతున్నాయి. కోడలికి కుతూహలం ఎక్కువ, తనకు సంబంధం లేని సంగతైతే మరీ ఎక్కువ.

“ఏం చదువుతున్నారు తాతా?”

“అల్లాహ్ పేరు. ఆయనకు రూపం లేదు, పోలిక లేదు. పేర్లను బట్టే మనకు కాస్త తెలిసేది.”

“ఆయన తొంభైతొమ్మిది పేర్లూ నాకు కంఠతా వచ్చు. మా అత్తయ్య కూడా పూసకొక పేరు చదువుతారు. కానీ చివర్న పెద్ద పూస దగ్గర ఇంకోటేదో గొణుగుతారు. మూడు నెలలుగా చెవి ఒగ్గుతున్నా, వినపడి చావదు.”

తాత నవ్వాడు. “నాదీ ఆ జాబితాలో లేని పేరే. యా సత్తార్. తప్పుల్ని కప్పి ఉంచేవాడా, అని.”

“కప్పడమేంటి? ఆయనకు అన్నీ తెలుసుగా?”

“తెలియకపోతే కప్పేదేముంది తల్లీ? తెలిసీ బయటపెట్టకపోవడమే ఆయన గొప్ప.”

ఆ మాట కోడలు రెండుసార్లు లోలోపల చెప్పుకుంది. ఈలోగా తాత దారం కొరికి గుడ్డ చేతికిచ్చాడు. ఎంత వెతికినా అతుకు దొరకలేదు.

పరుగున ఇంటికెళ్ళి పెట్టెలో పెట్టేసరికి అత్త వజూకని కాళ్ళూ మొహం కడుక్కుని, తడి చేతులతో వస్తోంది. గుడ్డ పరిచింది. ఒకసారి నిమిరింది. అత్త నమాజు ముగించి, తస్బీ అందుకుంది.

కోడలు ఇల్లు తుడిచే నెపంతో దగ్గరికి జరిగింది. తొంభైతొమ్మిది పూసలూ దొర్లాయి. పెద్ద పూస మీద అత్త వేలు ఆగింది.

“యా సత్తార్,” అంది అత్త, ఈసారి వినపడేలా. తస్బీని గూట్లో పెట్టి, “నిలబడ్డావేం, టీ పెట్టు,” అంటూ వంటగది వైపు చూపించింది.

కోడలు గూట్లోకి చూసింది.

తస్బీకి సంచి లేదు.