దెబ్బలకు తెరుచుకున్న ఫైలు

మొదటి దెబ్బకు మెకానిక్ కుర్చీతో సహా పక్కకు పడ్డాడు. బావమరిది కుర్చీని ఎత్తి నిలబెట్టాడు. కట్టేసి ఉండటం వల్ల మనిషి కూడా దాంతోపాటే లేచాడు.

"పాస్‌వర్డ్ తర్వాత అడుగుతా. ముందు ఈ ఫైలు ఎందుకు తెరుచుకోవట్లేదో చెప్పు."

అది కంకర క్రషర్ ఆఫీసు గది. బయట రాళ్లు నలిగే మోత. లోపల ఎంత అరిచినా గేటు దాకా వినపడదు. లాప్‌టాప్ ముందు కూర్చున్న బావ క్రషర్ యజమాని. కొట్టేవాడు ఆయన భార్య తమ్ముడు. ఆయనది బుర్ర, ఇతనిది చెయ్యి. పని పంచుకోవడంలో ఇద్దరికీ ఏనాడూ పేచీ రాలేదు.

వారం కిందట ఎదురు మాట్లాడిన లారీ డ్రైవర్ని బావమరిది ఇనుప రాడ్డుతో తల పగలగొట్టి చంపాడు. లారీ వెనక్కి వస్తూ గుద్దేసిందని అందరికీ చెప్పారు. అందరూ నమ్మారు. గోడ మీది కెమెరా ఒక్కటే నమ్మలేదు. దాన్ని బాగు చెయ్యడానికి వచ్చిన మెకానిక్ అందులో పడ్డ వీడియోలన్నీ అక్కడ లేకుండా తీసేసుకుని, ఒకే ఫైలుగా కుదించి, పాస్‌వర్డ్ పెట్టి, పెన్‌డ్రైవ్‌లో వేసుకుని గేటు దాటబోతూ దొరికిపోయాడు. అతని ఫోన్ను అక్కడికక్కడే రాయితో చితక్కొట్టారు.

పెన్‌డ్రైవ్‌ను కూడా చితక్కొడదామన్నాడు బావమరిది. బావ ఒప్పుకోలేదు.

"ఇది అసలుదో, మనల్ని బురిడీ కొట్టించడానికి తెచ్చిన ఉత్తుత్తిదో చూడాలి కదరా. చూడకుండా వీణ్ణి పంపించేస్తే అసలుది రేపెక్కడో బయటపడుతుంది. అప్పుడు ఉరి నీ మెడకే."

బావమరిది మెడ తడుముకున్నాడు. పంపించడమంటే ఇంటికి కాదని గదిలో ఉన్న ముగ్గురికీ తెలుసు.

"దాన్ని విప్పే సాఫ్ట్‌వేర్ ఇందులో లేదండీ," అన్నాడు మెకానిక్. "ఎక్కించుకోవాలి."

ఆ మాటకు బావ ఉలిక్కిపడ్డాడు. కిందటేడు ఏదో ఎక్కించబోయి వ్యాపారం లెక్కలన్నీ పోగొట్టుకున్న మనిషి. "ఎక్కించకుండా విప్పే దారి లేదా?"

"లేదండీ."

బావమరిదికి ఒక సిద్ధాంతం ఉంది. అడగ్గానే వచ్చే మాట అబద్ధం, నొప్పితో పాటు వచ్చేదే నిజం. టీ తెచ్చినవాడు వేడిగానే ఉందంటే కూడా చొక్కా పట్టుకుని మళ్లీ అడిగే రకం. క్రషర్‌లో ఒక్కసారి అడుగుపెట్టిన వాళ్లెవరికైనా ఈ సంగతి తెలిసిపోయేది.

కటింగ్ ప్లేయర్ తీశాడు. చిటికెన వేలు విరిచాడు.

"లేదండీ..."

ఉంగరం వేలు విరిచాడు. మెకానిక్ పెట్టిన కేకకు బావ మొహం తిప్పుకున్నాడు. ఆయనది కాస్త సున్నితమైన మనసు. చెయ్యమని చెప్పగలడు గానీ చూడలేడు.

"ఆన్‌లైన్‌లో... సైట్లుంటాయి. ఫైలు ఎక్కిస్తే అవే విప్పి చూపిస్తాయి."

"ఏ సైటు?"

"ఏదో ఒకటి..."

అలా అన్నందుకు మధ్య వేలు కూడా పోయింది. "నువ్వు దేంట్లో తెరుస్తావో అది చెప్పు."

మెకానిక్ పళ్లు బిగపట్టాడు. ఆ పళ్ల మీదే పిడికిలి పడింది. మళ్లీ పడింది. చివరికి ఒక పన్ను ఊడి నేల మీద పడ్డాక సైటు పేరు బయటికొచ్చింది. నెత్తుటితో కలిసి ఒక్కో అక్షరమే వస్తుంటే బావ ఒక్క వేలితో టైప్ చేశాడు.

తెల్లటి పేజీ. మధ్యలో ఫైలు వెయ్యడానికి ఒక గడి. అడుగున చిన్న అక్షరాలు. బావ కళ్లజోడు సర్దుకుని చదివాడు.

"ఫైలు వాళ్ల దగ్గర గంటసేపు ఉంటుందట. ఆ తర్వాత చెరిపేస్తారట."

"ఈలోగా వాడు చూస్తేనో బావా?"

"వేలమంది వేస్తుంటారు, మన గోల వాడికెందుకు? వాడెవడో, ఏ దేశంలో ఉన్నాడో."

మెకానిక్ తల ఎత్తాడు. "వద్దండీ. మీ కాళ్లు పట్టుకుంటా. అందులో మాత్రం పెట్టొద్దు."

దాంతో బావమరిదికి ఉన్న కాస్త అనుమానం కూడా తీరిపోయింది. "పెట్టు బావా."

నీలం గీత మెల్లగా నిండింది. సైటు పాస్‌వర్డ్ అడిగింది. అది రాబట్టడానికి ఇనుప రాడ్డు మెకానిక్ మోకాలి మీద రెండుసార్లు దిగింది. చిప్ప పగిలిన చప్పుడు రాళ్ల మోతలో కూడా వినిపించింది.

ఫైలు తెరుచుకుంది. వీడియోలో లారీ, చేతులు అడ్డం పెట్టుకున్న డ్రైవరు, రాడ్డు ఎత్తిన బావమరిది.

"పెళ్లి ఫొటోల్లో కూడా ఇంత బాగా పడలేదురా నువ్వు," అన్నాడు బావ. "అసలుది ఇదే."

లాప్‌టాప్‌లో ఏ ఆనవాలూ లేకుండా తుడిచేశాడు. పెన్‌డ్రైవ్ తీసుకెళ్లి క్రషర్‌లో రాళ్ల మధ్య పడేశాడు. అది పిండైపోయేదాకా అక్కడే నిలబడి, తిరిగొచ్చాడు.

"చీకటి పడనీ. టిప్పర్ తెప్పిస్తా. ఈలోగా వాడికి కాసిని నీళ్లు పట్టు."

బావమరిది నీళ్లు పట్టాడు. వారం రోజులుగా గుండెల మీద ఉన్న బరువు దిగిపోయింది. అంత హాయిలో అతనికి మెకానిక్ మీద జాలి కూడా కలిగింది.

"ముందే చెప్పుంటే ఇన్ని దెబ్బలు తప్పేవి కదరా."

మెకానిక్ గుక్క మింగి, ఊపిరి తీసుకున్నాడు.

"ముందే చెబితే మీరు నమ్మరు కదండీ."

నిజమేనని బావమరిది నవ్వుతూ ఒప్పుకున్నాడు.

ఆ వీడియో ఫోన్లో పెట్టుకుని అప్పటికే పోలీస్ స్టేషన్ మెట్లెక్కుతోంది మెకానిక్ భార్య. ఆ సైటును సొంతంగా తయారుచేసి ఇంట్లోంచి నడుపుతున్నది ఆమే.