మూరెడు ఖాళీ

బియ్యప్పిండి డబ్బా మళ్లీ సగానికి దిగింది. నా మనవరాలు చాందినిని నిలదీశాను.

"పిండి ఏం చేస్తున్నావే?"

"ఆ పిండితోనే ఆదివారం మోవా పేట హాల్లో నా షో ఉంది నానమ్మా. నువ్వే వచ్చి దేఖ్‌లో."

వీధి వాకిట్లో నా ముగ్గు, పెరట్లో ఛత్తీస్‌గఢీ కోడలు తన పుట్టింటి తీరులో పిండితో వేసే చౌక్. ఇంట్లో నేను పెట్టిన పద్ధతి అది. దాన్ని నలుగురిలో నవ్వులపాలు చేస్తుందేమోనని నా అనుమానం. పట్టుకుందామనే వెళ్లి ముందు వరసలో కూర్చున్నాను.

చాందిని వేదికకు ఒక పక్క నుంచి నా ముగ్గు, మరో పక్క నుంచి తల్లి చౌక్ వేసుకుంటూ వచ్చింది. రెండింటి మధ్య మూరెడు ఖాళీ వదిలి అందులో నిలబడింది.

"నా జగా ఇదే" అంది. ఇక కదలలేదు.

"ఖతమ్ హో గయా క్యా?" అని, అప్పుడే అయిపోయిందా అన్నట్టు గొణిగింది పక్కావిడ.

గీత కలపకుండా ముగ్గు వదిలేస్తే నేను చూడలేను. "ఇదేం పద్ధతే!" అంటూ లేచాను. నా కుర్చీ పక్కనే గిన్నెలో పిండి కనిపించింది. అది పట్టుకుని వేదిక ఎక్కి, చాందిని పాదాల చుట్టూ గీత తిప్పి, నా గీతను కోడలి గీతతో కలిపేశాను.

అప్పుడు మళ్లీ అనుమానం వచ్చింది.

"ఆ గిన్నె అక్కడెందుకు పెట్టావే?"

"నేను కాదు నానమ్మా. అమ్మ పెట్టింది. గీత కలపందే నువ్వు ఊరుకోవంది."