మూడుసార్లు సరే

"ఇప్పుడు! లాగెయ్!" అని అరిచాడు లిమ్ తాత.

గేక్ హూన్ వంగి సైకిలు చైను ఊడబీకింది. సరిగ్గా బూన్ లియాంగ్ రిపేరు షాపు ముందే బిస్కెట్ల కొట్టులో పనిచేసే సుయీ పెంగ్ సైకిలు ఆగిపోయింది.

లిమ్ తాత, చువా అవ్వ, గేక్ హూన్ ముగ్గురూ దయ్యాలే. కొండవాలు శ్మశానంలో పక్కపక్క సమాధులు. చైనా పంచాంగంలో ఏడో నెల వస్తే పెనాంగ్‌లో చచ్చినవాళ్లందరికీ నెల్లాళ్లు సెలవు. మిగతా దయ్యాలు వీధి నాటకాల్లో తమకని ఖాళీగా వదిలిన ముందు వరస కుర్చీల కోసం తోసుకుంటుంటే, గేక్ హూన్ తన మొగుడికి పెళ్లాన్ని వెతుకుతోంది.

ఆమె జ్వరంతో పోయి నాలుగు నెలలు. పదేళ్ల కాపురం. పిల్లల్లేరు. అత్త "గొడ్రాలు" అన్నప్పుడల్లా బూన్ లియాంగ్ "దాన్నేమీ అనకమ్మా" అనేవాడు. ఆ ఒక్క ముక్కకే పదేళ్లు అతని గ్రీజు బట్టలు ఉతికిపెట్టింది. చచ్చాక కూడా అదే బెంగ. ఒక బిడ్డనైనా ఇవ్వలేదే, ఒంటరిగా వదిలేసి వచ్చానే అని. ఆడదానికి చావులో కూడా తీరిక లేదు.

"బిస్కెట్ల కొట్టు పిల్ల బాగుందే. నవ్వు మొహం," అంది చువా అవ్వ.

"పిల్ల బాగుంది సరే, వీడే మొద్దు," అన్నాడు లిమ్ తాత. "మనమే తొయ్యాలి."

తోశారు. మర్నాడు ఆ పిల్ల షాపు దాటుతుంటే చువా అవ్వ ఒక మబ్బును పట్టుకొచ్చి పిండింది. సుయీ పెంగ్ తడుస్తూ షాపు చూరు కిందికి పరిగెత్తింది. బూన్ లియాంగ్ ఏమీ అడగలేదు. ఎదుటి కొట్టు నుంచి చక్కెర లేని కాఫీ తెచ్చి చేతికిచ్చాడు. ఆమె ఊదుకుంటూ తాగేసింది.

"చూశావా! చక్కెర వద్దని వాడి చెవిలో ఊదింది నేనే," లిమ్ తాత రొమ్ము విరుచుకున్నాడు. "రిక్షా తొక్కేటప్పుడు ఎన్ని జంటల్ని కలిపాననుకున్నావ్!"

"నీ పెళ్లాం మాత్రం వేరేవాడి రిక్షా ఎక్కి పోయింది," అంది చువా అవ్వ.

గేక్ హూన్ కూడా నవ్వింది. లోపలెక్కడో చురుక్కుమంది. తను కాఫీ ఎలా తాగుతుందో పదేళ్లలో అతను ఒక్కసారీ అడగలేదు. పోనీ, ఇప్పటికైనా నేర్చుకున్నాడు అనుకుంది.

నెల తిరక్కుండానే ఇద్దరూ చేతులు పట్టుకుని తిరిగారు. ఇంత సులువుగా కుదిరిన జంటను చూడలేదని దయ్యాలు మురిసిపోయాయి.

గేక్ హూన్ పోయి ఏడాది నిండింది. సమాధులు తుడిచే పండగ వచ్చింది. పొద్దున్నే కారు వచ్చి ఆగింది. బూన్ లియాంగ్, సుయీ పెంగ్ దిగారు. అత్త ఎండ అని కారులోనే ఉండిపోయింది.

గడ్డి పీకారు. నారింజలు పెట్టారు. పోయినవాళ్లకు అందేలా కాగితం బట్టలు, కాగితం చెప్పులు కాల్చారు. తర్వాత బూన్ లియాంగ్ రెండు నాణేలు తీశాడు. రెండో పెళ్లికి మొదటి పెళ్లాం సరే అనాలి. ఒకటి బొమ్మ, ఒకటి బొరుసు పడితే సరే అన్నట్టు. అలా వరసగా మూడుసార్లు పడాలి. ఒక్కసారి తప్పినా పెళ్లి లేదు.

"అక్కా, నీ చోటు నాకివ్వు. నీ దీపం నేను పెడతాను," సుయీ పెంగ్ మోకాళ్ల మీద కూలబడి ఏడ్చింది.

చువా అవ్వ గేక్ హూన్ మోచెయ్యి పట్టుకుంది. "ఆలోచించుకోవే పిల్లా. మూడూ పడ్డాక మాట వెనక్కి తీసుకోడానికి లేదు. మళ్లీ వాడి గడప తొక్కనివ్వరు నిన్ను."

"ఆలోచించేదేముందవ్వా? సుఖపడనీ."

మొదటిసారి బొమ్మ, బొరుసు. రెండోసారీ అంతే. మూడోసారి రెండూ బొమ్మలే పడబోయాయి. గేక్ హూన్ గబుక్కున వంగి ఒకదాన్ని వేలితో తిప్పేసింది.

బూన్ లియాంగ్ గుండెల నిండా ఊపిరి పీల్చి వదిలాడు. కారు వైపు చెయ్యి ఊపాడు.

అత్త కారు వెనక తలుపు తీసింది. అచ్చం సుయీ పెంగ్ నవ్వు మొహమే ఉన్న నాలుగేళ్ల పాప దూకి పరిగెత్తుకొచ్చి, బూన్ లియాంగ్ కాళ్లు వాటేసుకుని, "నాన్నా, ఇంక అందరి ముందూ నిన్ను నాన్నా అని పిలవచ్చా?" అని అడిగింది.